"రెండు వేళ్ళు తెరుచుకుంది" అంటే ఇంకెంత సేపు? గర్భసంచి నోరు తెరుచుకునే లెక్క ఎట్టా చెప్పాలి?

ఉదయగిరి ఏఎన్ఎం:

అందరికీ నమస్కారం. గర్భిణుల ఇంటోళ్ళు మమ్మల్ని ఎక్కువగా అడిగేది ఒకటే. "సిస్టరమ్మా, రెండు వేళ్ళు తెరుచుకుందంట, ఇంకెన్ని గంటలు పడతాది?" గంటకో సెంటీమీటరని చెప్పి పంపడం తేలికే. ఆ లెక్క తప్పితే మాత్రం ఇంటోళ్ళు బెదిరిపోయి "పెద్దాపరేషన్ చేసేయండి" అని డాక్టర్ల మీద పడతారు. అందుకే తెలిసినోళ్ళని అడుగుతున్నా.

వేళ్ళ లెక్కకీ సెంటీమీటర్లకీ పొంతన ఏంది? పార్టోగ్రాఫ్ (కాన్పు ఎట్టా సాగుతుందో గీసే కాగితం) నాలుగు సెంటీమీటర్ల దగ్గర మొదలుపెట్టాలని ఒకరు, అయిదు దగ్గర అని ఇంకొకరు అంటారు, ఏది సరి? నొప్పులు తెప్పించడానికి పెట్టే జెల్లు, బిళ్ళ, బెలూను, డ్రిప్పు ఎవరికి ఏది, ఎందుకు? డి అండ్ సికి (గర్భసంచి లోపల శుభ్రం చేసేదానికి) కూడా నోరు వెడల్పు చేస్తారు కదా, అదీ ఇదీ ఒకటేనా? ఇంకోటి, మా వైపు నుంచి నెల్లూరు వంద కిలోమీటర్ల దగ్గర. ఎప్పుడు బయల్దేరమని చెప్పాలి?

కావలి లేబర్ రూమ్ సిస్టర్:

మొదటి దానికి నేను రాస్తా.

నోరు తెరుచుకోవడంలో మూడు పనులున్నాయి. మెత్తబడాలి, పలచబడాలి, వెడల్పవ్వాలి. మనం బయటికి చెప్పేది మూడోది ఒక్కటే. మొదటి రెండూ జరక్కుండా మూడోది జరగదు కాబట్టి ఇంటోళ్ళకి లెక్క అర్థం కాదు.

గర్భసంచి పైభాగమంతా కండ. కింద నోటి దగ్గరకొచ్చేసరికి కండ తక్కువ, కొల్లాజెన్ అనే గట్టి పీచు ఎక్కువ. నెలలు నిండేదాకా బిడ్డను లోపల ఆపి ఉంచేది ఆ పీచే. మూడు నాలుగు సెంటీమీటర్ల పొడవున గొట్టంలా ఉండి, మధ్యలో చిక్కటి జిగురు బిరడాలా బిగిసి ఉంటాది. కాన్పు దగ్గరపడే కొద్దీ ప్రోస్టాగ్లాండిన్లు అనే ఒంట్లో పుట్టే రసాయనాలు పనిచేసి ఆ పీచు కట్టు వదులవుతాది, లోపలికి నీరు పడతాది. వేలికి తెలిసే తేడా ఇది: పండని నోరు ముక్కు కొసను తాకినట్టు గట్టిగా ఉంటాది, పండిన నోరు పెదవిని తాకినట్టు ఉంటాది. మీ ముక్కూ మీ పెదవీ ఇప్పుడే తాకి చూసుకోండి, ఇంకెప్పుడూ మర్చిపోరు.

తర్వాత పలచబడటం. బిగుతు బనీను తల మీదుగా తొడిగేటప్పుడు మెడ పట్టీ ముందు సాగి పలచబడి, ఆ తర్వాతే తల దాటతాది. ఇక్కడా అంతే. నొప్పి వచ్చినప్పుడల్లా పైనున్న కండ కురచై నోటిని పైకి లాగతాది, కింద నుంచి బిడ్డ తల ఒత్తుతాది. మూడు సెంటీమీటర్ల గొట్టం కాగితం మందాన అయిపోయిందంటే నూటికి నూరు పలచబడినట్టు. తొలికాన్పులో ముందు పలచబడి తర్వాత వెడల్పవుతాది. రెండో కాన్పు నుంచి రెండూ కలిసి జరుగుతాయి. అందుకే మలిచూలు గర్భిణి నొప్పుల్లేకుండానే రెండు సెంటీమీటర్లతో వారం రోజులు ఇంట్లో తిరుగుతా ఉండొచ్చు. అది కాన్పు మొదలైనట్టు కాదు.

ఇక వేళ్ళ సంగతి. ఒక వేలు దూరితే ఒకటిన్నర సెంటీమీటర్ల చుట్టుపక్కల, రెండు వేళ్ళు పక్కపక్కన దూరితే మూడు. అది దాటినాక లోపల వేళ్ళు విడదీసి మధ్య దూరం అంచనా కట్టడమే. వేళ్ళ లావు మనిషి మనిషికీ మారతాది. ఒకే తల్లిని ఇద్దరు చూస్తే సెంటీమీటర్ తేడా రావడం మామూలే. కేస్ షీట్‌లో సెంటీమీటర్లే రాయండి. వీలైతే పొద్దున చూసిన చెయ్యే మళ్ళీ చూసేట్టు చూడండి, తేడా నమ్మకంగా తెలుస్తాది.

గర్భిణుల మీటింగులో చూపించడానికి గాజులు బాగా పనికొస్తాయి. పది రూపాయల బిళ్ళ 2.7 సెంటీమీటర్లు, అంటే రెండు వేళ్ళకి కాస్త తక్కువ. రెండు-ఆరు సైజు గాజు లోపలి వెడల్పు దాదాపు ఆరు సెంటీమీటర్లు. ఆ చుట్టుపక్కల నుంచే కాన్పు జోరందుకుంటాది. పది సెంటీమీటర్లకి చేతి గాజేదీ చాలదు. బిడ్డ తల అడ్డకొలత తొమ్మిదిన్నర అని గుర్తుపెట్టుకుంటే పది ఎందుకో ఎవరికైనా అర్థమవుతాది. నిజానికి పది దగ్గర మనం కొలవం, అంచు కోసం వెతుకుతాం. తల చుట్టూ వేలు తిప్పితే ఎక్కడా అంచు తగలకపోతే ఫుల్. ముందువైపు సన్నటి పట్టీ ఒకటి తగిలితే అది ఇంకా ఫుల్ కాదు, ఆ తల్లిని ముక్కమనకూడదు.

పీవీ (లోపల వేళ్ళు పెట్టి చూసే పరీక్ష) చేసినాక వెడల్పు ఒక్కటే రాసి వదిలేయొద్దు. ఎంత పలచబడింది, తల ఎంత కిందికి దిగింది, ఉమ్మనీటి సంచి ఉందా పగిలిందా, నీటి రంగేంది, తల మీద వాపు, తల ఎముకలు ఒకదాని మీదొకటి ఎక్కడం, బిడ్డ గుండె లెక్క, ఇవన్నీ కలిస్తేనే అది పరీక్ష.

నెల్లూరు గైనిక్ డాక్టర్:

సిస్టర్ చెప్పినదానికి గంటల లెక్క కలుపుతాను.

గంటకో సెంటీమీటర్ అనే మాట ఎక్కడిదో తెలిస్తే దాన్ని ఎంతవరకు నమ్మాలో తెలుస్తుంది. 1950ల్లో అమెరికాలో ఫ్రీడ్‌మన్ అనే డాక్టరు కాన్పుల్ని గ్రాఫ్ మీద గీశారు. జోరందుకున్నాక తొలికాన్పులో గంటకు 1.2, తర్వాతి కాన్పుల్లో 1.5 సెంటీమీటర్లు కనీస వేగమన్నారు. 1972లో ఆఫ్రికాలో, అప్పటి రొడీషియాలో, ఫిల్‌పాట్, కాసిల్ అనే ఇద్దరు డాక్టర్లు దాని మీద రెండు గీతలు గీశారు. గంటకో సెంటీమీటర్ చొప్పున ఎక్కేది అలర్ట్ గీత, దానికి నాలుగు గంటలు కుడివైపున యాక్షన్ గీత. దూరాన ఉన్న ఆసుపత్రుల నుంచి తల్లుల్ని సమయానికి పెద్దాసుపత్రికి పంపడానికి గీసిన గీత అది. ప్రతి తల్లీ ఆ వేగంతోనే తెరుచుకోవాలని ఎవరూ అనలేదు.

తర్వాత వేల కాన్పుల లెక్కలు చూస్తే, ఆరు సెంటీమీటర్ల లోపు చాలామందికి గంటకు ఒకటి రాదని తేలింది. బిడ్డా తల్లీ బాగానే ఉంటారు. అందుకే ప్రపంచ ఆరోగ్య సంస్థ 2018లో జోరు దశను అయిదు సెంటీమీటర్ల నుంచి లెక్కపెట్టమంది. అక్కడి నుంచి ఫుల్ అయ్యేదాకా తొలికాన్పుకి 12 గంటలు, తర్వాతి కాన్పులకు 10 గంటలు దాటడం మామూలుగా ఉండదు. 2020లో అదే సంస్థ తెచ్చిన కొత్త పార్టోగ్రాఫ్, లేబర్ కేర్ గైడ్‌లో ఒకే గీత బదులు మెట్లు పెట్టారు. అయిదు దగ్గర 6 గంటలు, ఆరు దగ్గర 5, ఏడు దగ్గర 3, ఎనిమిది దగ్గర రెండున్నర, తొమ్మిది దగ్గర 2 గంటలు కదలకుండా ఆగితే అప్పుడు హెచ్చరిక.

మరి నాలుగా, అయిదా? మీ చేతిలో ఏ కాగితం ఉందో దాని రూలే పాటించండి. పాత సింప్లిఫైడ్ పార్టోగ్రాఫ్ ఉంటే నాలుగు దగ్గర మొదలుపెట్టి, పీహెచ్‌సీలో అలర్ట్ గీత దాటగానే రెఫర్ చేయాలి. లేబర్ కేర్ గైడ్ ఉంటే అయిదు. ఒకదాని గీతను ఇంకోదాని గంటలతో కలిపితే రెండూ పాడవుతాయి.

కాబట్టి "రెండు వేళ్ళు" అనేది ఇంకా నిదాన దశ. దానికి గడియారం లేదు. తొలికాన్పులో ఒక పగలూ ఒక రాత్రీ పట్టవచ్చు. ఇంటివాళ్ళకు ఈ మాటే చెప్పండి: "ఇప్పుడు మెత్తబడుతోంది, అన్నం నీళ్ళు పెట్టండి, నడవనివ్వండి, నిద్ర వస్తే పడుకోనివ్వండి." వాళ్ళు అడిగే గంటల లెక్క అయిదు దాటాకే చెప్పగలం.

మధ్యలో ఆగిపోతే కారణం వెతకాలి. ముందు మూత్రం సంచి చూడండి. నిండిన సంచి తలను కిందికి దిగనివ్వదు. తర్వాత నొప్పులు. పది నిమిషాల్లో మూడు రావాలి, ఒక్కోటి నలభై సెకన్లు దాటాలి. పొట్ట మీద చెయ్యి వేసి, గడియారం చూస్తూ పూర్తిగా పది నిమిషాలు లెక్కపెట్టండి, తల్లి చెప్పే దాని మీద ఆధారపడొద్దు. నొప్పులు బాగున్నా నోరు కదలడం లేదంటే తల తిరిగిన తీరు చూడాలి. బిడ్డ ముఖం ఆకాశం వైపు ఉంటే తల పెద్ద కొలతతో దిగుతుంది, నోటి మీద ఒత్తిడి సమంగా పడదు, నడుము నొప్పి విపరీతంగా ఉంటుంది. వెల్లకిలా పడుకోబెట్టి ఉంచడం ఇంకో కారణం. నిలబడి, నడుస్తూ, కూర్చుని ఉన్న తల్లులకు మొదటి దశ సుమారు గంట దాకా తగ్గుతుంది. ఖర్చులేని మందు అది. ఇంకా చాలాచోట్ల బల్ల మీద నుంచి దిగనివ్వరు, అది మారాలి.

తల మీద వాపు పెరగడం, ఎముకలు గట్టిగా ఒకదాని మీదొకటి ఎక్కడం, మూత్రంలో రక్తం, బొడ్డు కింద పొట్టకు అడ్డంగా గాడి పడ్డట్టు కనిపించడం, ఇవి కనిపిస్తే దారి అడ్డుపడింది. ఆ తల్లికి డ్రిప్పు పెట్టి నొప్పులు పెంచితే గర్భసంచి పగులుతుంది. అక్కడ ఆపరేషనే దారి.

పీవీ నాలుగు గంటలకొకసారి చాలు. నీరు పోయిన తర్వాత ఎన్నిసార్లు చెయ్యి పెడితే అంత ఇన్ఫెక్షన్. నోటిని వేళ్ళతో లాగి వెడల్పు చేయడం, పొట్ట పైనుంచి నొక్కడం, ఫుల్ కాకముందే ముక్కమనడం, ఈ మూడూ చేయకూడదు. ముందే ముక్కిస్తే తలకూ ఎముకకూ మధ్య నోటి అంచు నలిగి వాచిపోతుంది. తొమ్మిది ఉన్నది వాపుతో మళ్ళీ ఎనిమిదికి వస్తుంది, లేదా చిరుగుతుంది.

ఒంగోలు స్టాఫ్ నర్స్:

సార్, డ్రోటిన్ (కండ బిగుతు వదిలించే మందు) ఇంజక్షన్ వేస్తే నోరు త్వరగా విప్పుకుంటుందని చాలా చోట్ల రొటీన్‌గా వేస్తున్నారు కదా. దాని మాటేంటి?

నెల్లూరు గైనిక్ డాక్టర్:

కొన్ని పరిశీలనల్లో కొంత సమయం తగ్గినట్టు వచ్చింది. కానీ ఆ పరిశీలనలు అంత గట్టివి కావు. తల్లికీ బిడ్డకీ దానివల్ల మేలు జరిగినట్టు తేలలేదు. ఆలస్యం కాకుండా ముందుజాగ్రత్తగా ఇలాంటి మందులు వేయొద్దనే ప్రపంచ ఆరోగ్య సంస్థ 2018 సిఫారసు. ఎనీమా కూడా అంతే, కాన్పు త్వరగా అవుతుందని ఇవ్వాల్సిన పని లేదు.

ఉదయగిరి ఏఎన్ఎం:

చాలా థ్యాంక్స్ సార్, అక్కా. ఆ జెల్లు, బెలూను సంగతి కూడా చెప్పండి. మొదటిది పెద్దాపరేషన్ అయినోళ్ళకి బిళ్ళ పెట్టకూడదని విన్నాను.

నెల్లూరు గైనిక్ డాక్టర్:

సరిగ్గానే విన్నారు. మొత్తం చెబుతాను, అయితే ఇవన్నీ ఆపరేషన్ థియేటర్ అందుబాటులో ఉన్నచోటే చేయాలి. సబ్‌సెంటర్లో, పీహెచ్‌సీలో నొప్పులు తెప్పించే పని పెట్టుకోకూడదు.

ముందు నోరు ఎంత పండిందో మార్కులు వేస్తాం. 1964లో బిషప్ అనే డాక్టరు పెట్టిన పద్ధతి. వెడల్పు, పలచదనం, తల దిగిన మేర, ఈ మూడింటికీ 0 నుంచి 3. మెత్తదనానికీ, నోరు వెనక్కి ఉందా ముందుకు వచ్చిందా అన్నదానికీ 0 నుంచి 2. మొత్తం 13. ఎనిమిది పైన ఉంటే పండినట్టే, నీటి సంచి తీసి, అవసరమైతే డ్రిప్పు పెడితే చాలు. ఆరు, అంతకు తక్కువైతే ముందు పండించాలి. పండని నోటి మీద డ్రిప్పు పెడితే తల్లి రోజంతా నొప్పి పడుతుంది, నోరు కదలదు, చివరికి "ఇండక్షన్ ఫెయిల్" అని రాసి ఆపరేషన్‌కు తీసుకెళ్తారు. చాలాసార్లు ఫెయిలైంది మనం ఎంచుకున్న వరస.

జెల్ అంటే డైనోప్రోస్టోన్, సిరంజిలో 0.5 మిల్లీగ్రాములు. 2 నుంచి 8 డిగ్రీల మధ్య ఫ్రిజ్‌లో ఉంచాలి. కరెంటు పోయి ఫ్రిజ్ ఆగితే మందు దెబ్బతింటుంది, మనం నోరు పండలేదని తల్లి మీద తోస్తాం. నోటి కాలువలో పెట్టాలి, లోపలి అంచు దాటి పైకి పోకూడదు. పెట్టాక అరగంట పడుకోబెట్టాలి. ఆరు గంటల తర్వాత మళ్ళీ చూసి, అవసరమైతే ఇంకోటి. 24 గంటల్లో మూడు దాటకూడదు. జెల్ పెట్టిన ఆరు గంటల్లోపు డ్రిప్పు మొదలుపెట్టకూడదు.

మిసోప్రోస్టాల్ చౌక, ఫ్రిజ్ అక్కర్లేదు, కానీ మోతాదులోనే ప్రమాదం. నెలలు నిండిన గర్భిణికి 25 మైక్రోగ్రాములు మింగడానికి రెండు గంటలకొకసారి, లేదా యోనిలో ఆరు గంటలకొకసారి. ఇప్పుడు 25 మైక్రోగ్రాముల బిళ్ళలు కూడా దొరుకుతున్నాయి. 200 బిళ్ళను బ్లేడుతో ఎనిమిది ముక్కలు చేస్తే ఏ ముక్కలో ఎంతుందో ఎవరూ చెప్పలేరు. 25 దొరక్కపోతే 200 బిళ్ళను 200 మిల్లీలీటర్ల నీళ్ళలో కలిపి, బాగా తిప్పి, 25 మిల్లీలీటర్లు కొలిచి ఇవ్వడం నయం. పాత ఆపరేషన్ కుట్టు ఉన్న తల్లికి ఈ మందు వద్దు, కుట్టు దగ్గర గర్భసంచి విడిపోతుంది.

అలాంటి తల్లికి ఆసుపత్రిలో బెలూన్ పెట్టే వీలుంది. మూత్రానికి పెట్టే ఫోలీ గొట్టమే, 16 లేదా 18 సైజు. లోపలి అంచు దాటించి 30 నుంచి 60 మిల్లీలీటర్ల స్టెరైల్ నీటితో నింపి, కొద్దిగా లాగి తొడకు అంటిస్తాం. 30 నింపిన బెలూన్ అడ్డంగా నాలుగు సెంటీమీటర్లకి కాస్త తక్కువ ఉంటుంది. నోరు మూడు దాటగానే అదే జారి బయటపడుతుంది. పడిందంటే పని అయినట్టే. మాయ కిందికి ఉన్న తల్లికి బెలూనూ వద్దు, వేలూ వద్దు.

డ్రిప్పు లెక్క చాలామంది తప్పు చేసేది. నొప్పులు తెప్పించే మందు ఆక్సిటోసిన్ 5 యూనిట్లు 500 మిల్లీలీటర్ల సెలైన్‌లో వేస్తే ఒక మిల్లీలీటర్‌లో 10 మిల్లీయూనిట్లు. మిల్లీలీటర్‌కు 20 చుక్కల సెట్టయితే చుక్కకు అర మిల్లీయూనిట్. నిమిషానికి నాలుగు చుక్కలతో మొదలుపెడితే 2 మిల్లీయూనిట్లు. అరగంటకోసారి నాలుగు చుక్కలు పెంచుతూ, పది నిమిషాల్లో మూడు నాలుగు మంచి నొప్పులు రాగానే అక్కడే ఆపాలి. సెట్టు మీద చుక్కల సంఖ్య చదవకుండా మొదలుపెట్టొద్దు, సెట్టు మారితే లెక్కంతా మారుతుంది. పది నిమిషాల్లో అయిదుకు మించి నొప్పులు వస్తే, లేదా బిడ్డ గుండె పడిపోతే డ్రిప్పు కట్టేసి, ఎడమవైపు తిప్పి, మామూలు సెలైన్ పెట్టి, డాక్టర్‌ను పిలవాలి.

ఇంకొక్క మాట గట్టిగా చెబుతున్నాను. బిడ్డ బయటపడక ముందు ఆక్సిటోసిన్ కండకు వేయకూడదు. కండకు వేసిన మందును వెనక్కి తీయలేం, చుక్కలు తగ్గించలేం. కండకు వేసే 10 యూనిట్లు బిడ్డ పుట్టిన నిమిషంలోపు, రక్తం పోకుండా ఉండటానికి.

కందుకూరు ఓటీ సిస్టర్:

డి అండ్ సి ప్రశ్న మిగిలిపోయింది, అది నేను చెప్తాను.

రెండూ ఒకటి కావు, కానీ సూత్రం ఒకటే. కాన్పులో నెలల తరబడి మెత్తబడిన నోరు గంటల మీద పది సెంటీమీటర్లు తెరుచుకుంటుంది. ఓటీలో గట్టిగా ఉన్న నోటిని నిమిషాల్లో తెరవాలి, కాబట్టి మిల్లీమీటర్లతోనే సరిపెట్టుకుంటాం. గర్భసంచి లోపల చూసే సన్నటి హిస్టరోస్కోప్‌కు ఒక్కోసారి అసలు వెడల్పు చేయాల్సిన పనే ఉండదు. ఫైబ్రాయిడ్ కోసే పెద్ద స్కోప్‌కు తొమ్మిది పది మిల్లీమీటర్లు కావాలి. నిలవని గర్భం శుభ్రం చేసేటప్పుడు సక్షన్ గొట్టం సైజు సుమారుగా వారాల సంఖ్యంత. ఎనిమిది వారాలంటే ఎనిమిది మిల్లీమీటర్లు.

వాడేవి హేగర్ డైలేటర్లు, కొస గుండ్రంగా ఉండే ఉక్కు కడ్డీలు. కడ్డీ మీద అంకె ఎంతో లావు అన్ని మిల్లీమీటర్లు. ట్రేలో వరసగా సర్దడమే సిస్టర్ మొదటి పని, వరస తప్పి ఇస్తే డాక్టర్ చేతికి తెలియకుండా నంబర్ దాటిపోతుంది. మూత్రం ఖాళీ చేయించాక, గర్భసంచి ముందుకు వంగి ఉందా వెనక్కి వంగి ఉందా అని చేత్తో చూసుకోవాలి. ఈ మెట్టు వదిలేస్తేనే ఎక్కువ ప్రమాదాలు. వెనక్కి వంగిన సంచిలోకి కడ్డీని ముందుకు తోస్తే గోడలోకి పోతుంది. తర్వాత వల్సెల్లం అనే పట్టుకారుతో గర్భసంచి నోటి పెదవి పట్టి నెమ్మదిగా లాగితే వంపు తిన్న కాలువ సాపవుతుంది. సౌండ్ అనే కొలత కడ్డీతో లోతు కొలవాలి, మామూలు సంచి 6 నుంచి 8 సెంటీమీటర్లు. కడ్డీని పెన్ను పట్టినట్టు పట్టుకుని, చూపుడు వేలు కొలత దగ్గర ఆనించి ఉంచాలి, జారినా అంతకు మించి పోదు.

లోపలి అంచు దగ్గర కడ్డీ ఆగుతుంది. అక్కడ గట్టిగా తోయకూడదు. ఒత్తిడి ఒకే తీరున పెట్టి కొన్ని సెకన్లు ఆగితే, పట్టు వదిలి లోపలికి జారడం వేళ్ళకు తెలుస్తుంది. ఆ కడ్డీని కాసేపు అట్లాగే ఉంచి, తీసి, వెంటనే తర్వాతది. దూరకపోతే ముందు నంబర్‌కు వెనక్కి వెళ్ళాలి. అర మిల్లీమీటర్ తేడా సెట్టు ఉంటే అది వాడటం ఇంకా మేలు.

ముందుగా బిళ్ళ పెట్టేది ఈ పట్టు తగ్గడానికే. మిసోప్రోస్టాల్ 400 మైక్రోగ్రాములు నాలుక కింద అయితే గంట రెండు గంటల ముందు, యోనిలో అయితే రెండు మూడు గంటల ముందు. చలి, జ్వరం, విరేచనాలు, పొత్తికడుపు నొప్పి రావచ్చని ముందే చెప్పండి. కాన్పుకి చెప్పిన 25 ఎక్కడ, ఈ 400 ఎక్కడ! ఒకే మందు, ఒకే పేరు, పదహారు రెట్ల తేడా. రెండు డబ్బాలూ ఒకే అరలో పెట్టకండి. నెలసరి ఆగిపోయిన పెద్దవాళ్ళలో ఈ మందు అంతగా పనిచేయదు, వాళ్ళ నోరు బిగుసుకుపోయి ఉంటుంది, ఇంకా నిదానంగా చేయాలి. నెలలు ఎక్కువైన గర్భానికైతే లామినేరియా అని సముద్రపు నాచు కాడ పెడతారు, తేమ పీల్చుకుని రాత్రికి రాత్రి ఉబ్బి నోటిని తెరుస్తుంది.

మత్తు సూది గర్భసంచి నోటి పక్కన వేసేటప్పుడు ప్రతిసారీ వెనక్కి లాగి రక్తం రావడం లేదని చూడాలి. లిగ్నోకెయిన్ కిలోకు 4.5 మిల్లీగ్రాములు దాటకూడదు. 45 కిలోల మనిషికి ఒక శాతం మందు 20 మిల్లీలీటర్లే హద్దు.

తప్పు జరిగిందని ఎట్లా తెలుస్తుంది? కడ్డీ కొలిచిన లోతు దాటి అడ్డు లేకుండా పోతే గోడకు రంధ్రం పడింది. వెంటనే అన్నీ ఆపాలి, సక్షన్ అసలు పెట్టకూడదు, నాడి, బీపీ చూస్తూ ఉండాలి. నోరు లాగేటప్పుడు మనిషి పాలిపోయి, చెమటలు పట్టి, నాడి 50 లోపు పడితే అది నోటి నరాల షాక్. పని ఆపి కాళ్ళు పైకెత్తి, డాక్టర్ చెప్పగానే అట్రోపిన్ 0.6 మిల్లీగ్రాములు. ఇంటికి వెళ్ళాక గంటకు రెండు ప్యాడ్ల చొప్పున వరసగా రెండు గంటలు తడిసినా, జ్వరం వచ్చినా, వాసన వచ్చినా వెంటనే తిరిగి రావాలి.

ఆత్మకూరు 108 టెక్నీషియన్:

బయల్దేరే సంగతి నేను చెప్తా. "అయిదు నిమిషాలకొక నొప్పి, నిమిషం పాటు, గంటసేపు" అనే లెక్క ఆసుపత్రి పక్కనున్నోళ్ళకి. ఉదయగిరి, సీతారామపురం నుంచి రెండు గంటలకు పైగా దారి. కనిగిరి నుంచి ఒంగోలు పోయేవాళ్ళదీ దగ్గర దగ్గర అంతే. తొలికాన్పయితే నొప్పులు పది నిమిషాలకొకసారి క్రమం తప్పకుండా రావడం మొదలవగానే బయల్దేరండి. రెండో కాన్పు, మూడో కాన్పయితే నొప్పులు క్రమంలో పడగానే ఫోన్ చేయండి, వాళ్ళకి అయిదు సెంటీమీటర్ల నుంచి పదికి చేరడానికి గంట కూడా పట్టకపోవచ్చు. ఉత్త నొప్పులు నడిస్తే, వేడినీళ్ళు పోసుకుంటే, పడుకుంటే తగ్గుతాయి. అసలు నొప్పులు ఏం చేసినా తగ్గవు, నడుములో మొదలై ముందుకొస్తాయి, దగ్గర దగ్గరవుతాయి. జిగటలో రక్తపు చార కనిపిస్తే బిరడా వదిలినట్టు, ఒక్కోసారి ఇంకా రోజులు పడతాది.

ఉమ్మనీరు పోతే నొప్పుల్లేకపోయినా బయల్దేరాలి. ఎన్ని గంటలకు పోయింది, రంగేంది, కాగితం మీద రాసుకోండి. పచ్చగా ఉంటే తొందరపడాలి. నీరు పోయినాక మెత్తగా తాడులాంటిది తగిలితే బొడ్డుతాడు జారినట్టు. తల్లిని మోకాళ్ళ మీద బోర్లా వంచి, నడుం పైకి ఉంచి తీసకపోవాలి, లాగడం, లోపలికి తోయడం చేయకూడదు. ఎర్రటి రక్తం ధారగా పోతా ఉంటే ఎవరూ చెయ్యి పెట్టి చూడకూడదు. మాయ కింద ఉంటే ఆ ఒక్క వేలుతోనే ప్రాణం మీదికి వస్తాది.

వాంతి, కాళ్ళు వణకడం, "దొడ్డికి వస్తా ఉంది" అనడం, ఈ మూడూ కలిస్తే నోరు దాదాపు తెరుచుకున్నట్టే. ఆమెను ఒంటరిగా బాత్‌రూమ్‌కి పంపొద్దు. దారిలో కింద ఉబ్బి తల కనిపిస్తే బండి పక్కకు ఆపి అక్కడే కాన్పు చేస్తాం. ఆసుపత్రి దాకా ఆపుదామని కాళ్ళు దగ్గరికి పట్టుకునే ఇంటోళ్ళుంటారు, బిడ్డకి అది ప్రమాదం.

ఆముదం తాగించడం మా వైపు ఇంకా ఉంది. వాంతులు, విరేచనాలతో తల్లి నీరసించి వస్తాది, నోరు పండని కడుపు ఊరికే బిగుసుకుంటాది. వద్దని గట్టిగా చెప్పండక్కా.

కావలి లేబర్ రూమ్ సిస్టర్:

ఒకటి కలుపుతా. కాన్పయ్యాక గర్భసంచి రాయిలా గట్టిగా ఉన్నా ఎర్రటి రక్తం ఆగకుండా కారుతుంటే నోరు చిరిగిందేమో చూడాలి. మంచి లైటు పెట్టి, రెండు స్పాంజ్ ఫోర్సెప్స్‌తో అంచును పట్టి చుట్టూ తిప్పుకుంటూ చూడాలి. ఎక్కువగా కుడి ఎడమ పక్కల, గడియారంలో మూడు, తొమ్మిది ఉండే చోట చిరుగుతాది. కుట్టు చిరుగు పైకొసకు ఇంకా పైనుంచి మొదలుపెట్టాలి, కొస వదిలేస్తే లోపల కారతానే ఉంటాది. పీహెచ్‌సీలో కుట్టేవాళ్ళు లేకపోతే గుడ్డ బిగించి పెట్టి, సెలైన్ పెట్టి పంపండి.

ఉదయగిరి ఏఎన్ఎం:

మా దగ్గర ఒక గర్భిణికి నాలుగో నెలలో నోటికి కుట్టు వేశారు. ఆమెకి నొప్పులొస్తే ఏం చెయ్యాలి?

నెల్లూరు గైనిక్ డాక్టర్:

నొప్పులు లేకుండానే నోరు ముందే తెరుచుకుని గర్భాలు పోయేవాళ్ళకు, లేదా స్కాన్‌లో 24 వారాల్లోపు నోటి పొడవు 25 మిల్లీమీటర్ల కంటే తగ్గినవాళ్ళలో కొందరికి వేసే కుట్టు అది. బొంబాయి డాక్టర్ శిరోడ్కర్ 1955లో రాసిన పద్ధతి, 1957లో మెక్‌డొనాల్డ్ చెప్పిన తేలిక పద్ధతి, ఎక్కువగా ఈ రెండే ఇప్పటికీ వాడతాం. 36, 37 వారాల మధ్య విప్పాలి. అంతకు ముందే నొప్పులు వచ్చినా, నీరు పోయినా, రక్తం కనిపించినా అదే రోజు ఆసుపత్రికి రావాలి. కుట్టు ఉండగా నొప్పులు సాగితే దారం నోటిని కోసేస్తుంది. ఆమె ఎంసీపీ కార్డు (తల్లీబిడ్డల కార్డు) పై అట్ట మీద "నోటికి కుట్టు ఉంది" అని, వేసిన తేదీ, విప్పాల్సిన తేదీ ఎర్ర సిరాతో రాయండి. రాత్రి డ్యూటీలో ఎవరున్నా మొదట కనపడేది ఆ అట్టే.